డోవర్ కోట సందర్శన: హ్యూబర్ట్ డి బర్గ్‌ను వెతుక్కుంటూ వెళ్లేవారికి

ఇంగ్లండు ఆగ్నేయ కొసన, కెంట్ తీరపు తెల్లని సున్నపురాతి కొండ మీద ఉన్న డోవర్ కోటకు వచ్చేవారిలో ఎక్కువమంది రెండింటి కోసం వస్తారు. ఒకటి రెండో హెన్రీ రాజు కట్టించిన మహా బురుజు, రెండోది రెండో ప్రపంచ యుద్ధంలో డన్‌కర్క్ నుంచి సైన్యాన్ని వెనక్కి తెచ్చిన కార్యక్రమం నడిచిన సొరంగాలు. ఆ రెండూ చూడదగినవే, వాటి గురించి వివరంగా చెప్పేవారూ ఎందరో ఉన్నారు. నేను మూడో కారణంతో వెళ్లేవారి కోసం రాస్తున్నాను. 1216లో ఈ కోటను ఫ్రెంచి యువరాజు లూయీకి చిక్కకుండా కాపాడి, మరుసటి ఏడాది ఆగస్టు 24న శాండ్‌విచ్ ఎదుటి సముద్రంలో ఆ యువరాజు కోసం బలగాలను మోసుకొస్తున్న ఓడల దండును చెదరగొట్టిన హ్యూబర్ట్ డి బర్గ్ జీవితాన్ని అర్థం చేసుకోవాలనుకునేవారికి ఈ కోట ఎంతవరకు ఉపయోగపడుతుంది, ఏ భాగానికి ఎంత సమయం ఇవ్వాలి, కోట చెప్పలేని సంగతుల కోసం ఇంకెక్కడికి వెళ్లాలి అన్నవే ఇందులోని విషయాలు. నా తీర్పు ముందే చెబుతాను. ఆ సముద్ర విజయం ఎలాంటి మనిషి చేతిలో, ఎంతటి ఒత్తిడి నడుమ సాధ్యమైందో తెలియజెప్పడానికి ఈ కోట ఉత్తరపు గోడకు మించిన చోటు మరొకటి లేదు. అయితే అందరూ నడిచే దారిలోనే నడిచేవారికి ఆ గోడ కంటపడకుండానే సందర్శన ముగిసిపోతుంది.

లోపలికి అడుగుపెట్టేముందు అతని గురించి కొంత తెలుసుకుని ఉండటం మంచిది. హ్యూబర్ట్ నార్ఫోక్ ప్రాంతంలో, పెద్దగా ఆస్తిపాస్తులు లేని కుటుంబంలో పుట్టాడు. రెండో హెన్రీ కొడుకు జాన్ ఇంకా సింహాసనం ఎక్కకముందే అతని కొలువులో చేరి, జాన్ రాజయ్యాక అంతఃపుర వ్యవహారాలు చూసే అధికారి స్థాయికి ఎదిగాడు. 1202లో రాజుకు అన్న కొడుకు, సింహాసనానికి పోటీదారు అయిన బ్రిటనీ ఆర్థర్ పట్టుబడి ఫలేజ్ కోటలో హ్యూబర్ట్ అధీనంలో ఉన్నప్పుడు, ఆ కుర్రవాడి కళ్లు తీయించమన్న ఆజ్ఞను అతడు అమలు కానివ్వలేదని ఆ కాలపు చరిత్రకారుడొకరు రాశారు. ఇంగ్లండు రాజు చేతి నుంచి నార్మండీ మొత్తం జారిపోయిన తరువాత కూడా ఫ్రాన్సులోని షినోన్ కోటను ఫ్రెంచి రాజు ఫిలిప్ ఆగస్టస్ సేనలకు లొంగనీయకుండా నెలల తరబడి నిలబెట్టి, 1205లో గాయపడి పట్టుబడి ఖైదు అనుభవించాడు. విడుదలయ్యాక మళ్లీ రాజు కొలువులోనే చేరి పాయిటూ ప్రాంతానికి పాలనాధికారి అయ్యాడు. 1215లో బారన్లకు, అంటే పెద్ద భూస్వామ్య ప్రభువులకు, రాజు ఇచ్చిన హక్కుల పత్రం మాగ్నా కార్టా పీఠికలో రాజు పక్షాన నిలిచిన వారి పేర్లలో అతని పేరు ఆ హోదాతోనే కనిపిస్తుంది. అదే జూన్‌లో రాజు అతన్ని జస్టీషియర్‌గా, అంటే న్యాయ పరిపాలనా వ్యవహారాల్లో రాజు తరువాత అంతటివాడిగా నియమించాడు. షినోన్ సంగతి ఇక్కడ ప్రత్యేకంగా గుర్తు పెట్టుకోవాలి. డోవర్‌లో గోడ కూలినప్పుడు అక్కడ ఉన్నది అంతకుముందే ఒకసారి గోడ కూలడం కళ్లారా చూసినవాడు.

కోట నిర్వహణ ఇంగ్లిష్ హెరిటేజ్ సంస్థది. మహా బురుజుతోనే మొదలుపెట్టమని నేనూ అంటాను, కాని వేరే కారణంతో. 1180ల్లో కట్టిన ఈ బురుజు దాదాపు 25 మీటర్ల ఎత్తు ఉంటుంది, గోడల మందం కొన్ని చోట్ల 6 మీటర్లు దాటుతుంది. లోపలి గదులను 2009లో రెండో హెన్రీ దర్బారు రోజుల్లో ఎలా ఉండేవో అలా, ముదురు రంగుల తెరలతో, బల్లలతో, మంచాలతో తీర్చిదిద్దారు. ఆ పని శ్రద్ధగా చేసినది, పిల్లలకు బాగా నచ్చుతుంది. అయితే అది హ్యూబర్ట్‌కు ఒక తరం ముందటి ప్రపంచం. అతన్ని వెతుక్కుంటూ వచ్చినవారు ఆ గదుల్లో ఎక్కువ సేపు ఆగకుండా, మెట్లెక్కి నేరుగా పైకప్పు మీదకు వెళ్లాలి. ఆకాశం నిర్మలంగా ఉన్న రోజున జలసంధికి అవతల ఫ్రాన్సు తీరం అక్కడి నుంచి స్పష్టంగా కనిపిస్తుంది. ఈ రెండు తీరాల మధ్య ఇరుకైన చోట ఉన్న దూరం 33 కిలోమీటర్లు మాత్రమే. కలే రేవులో ఓడలు తెరచాపలు ఎత్తితే అవి ఎటు పోబోతున్నాయో ఇక్కడ కాపలా ఉన్నవాడికి ముందుగా తెలిసిపోతుంది. ఈ కోటను ఇంగ్లండుకు తాళంచెవి అని హ్యూబర్ట్ అన్నట్టు సెయింట్ ఆల్బన్స్ మఠంలోని చరిత్రకారులు రాసిపెట్టారు. ఆ మాట అతడు నిజంగా అన్నాడో లేదో గాని, అందులోని అర్థం పుస్తకంలో చదివినప్పటికన్నా ఈ పైకప్పు మీద నిలబడ్డప్పుడు బాగా బోధపడుతుంది.

పైకప్పు మీదే ఇంకో పని కూడా చేయాలి. సముద్రం వైపు నుంచి వెనక్కి తిరిగి ఉత్తర దిక్కుకు చూడండి. దక్షిణాన కోటకు నిట్టనిలువు కొండ రక్షణగా ఉంది, తక్కిన వైపుల నేల దిగువకు జారుతుంది, కాని ఉత్తరం కొసన మాత్రం గోడకు ఎదురుగా నేల మళ్లీ పైకి లేస్తుంది. శత్రువు వచ్చి కూర్చోవడానికి అంతకన్నా అనువైన చోటు లేదు. రెండో హెన్రీ మొదలుపెట్టిన బయటి ప్రాకారాన్ని జాన్ రాజు పూర్తిచేయిస్తూ, ఆ బలహీనమైన కొసలోనే రెండు బురుజుల ముఖద్వారాన్ని కట్టించాడు. 1216 వేసవిలో లూయీ సరిగ్గా అక్కడికే వచ్చాడు.

ఆ ముట్టడి కథను ఈ నేల మీదే చెప్పుకోవాలి. జాన్ రాజుతో తెగతెంపులు చేసుకున్న బారన్లు ఫ్రాన్సు యువరాజును సింహాసనానికి ఆహ్వానించారు. అతడు మే 21న కెంట్ తీరంలో దిగి, కొద్ది రోజుల్లోనే లండన్ చేరాడు. దేశంలో సగానికి పైగా అతని చేతికి వచ్చింది. జూలైలో అతడు డోవర్ ముందు దిగి సైన్యంలో కొంత భాగాన్ని పట్టణంలో, కొంత భాగాన్ని ఉత్తరపు గుట్ట మీద ఉంచి, సముద్రం మీద ఓడలను కూడా నిలిపి కోటను నాలుగు వైపులా దిగ్బంధించాడు. హ్యూబర్ట్ దగ్గర ఉన్నది 140 మంది నైట్లు, అంటే కవచధారులైన అశ్విక యోధులు, వారి కింద పనిచేసే సిపాయిలు. రాళ్లు విసిరే యంత్రాలు ద్వారం మీద రాళ్ల వాన కురిపించాయి. ద్వారం ముందున్న కొయ్య కంచెల బయటి కోటను శత్రువులు పట్టుకున్నారు. ఆపైన మెత్తటి సున్నపురాతిని తవ్వుకుంటూ సొరంగం పనివాళ్లు ద్వారం కిందికి చేరి, రెండు బురుజుల్లో తూర్పుదాన్ని కూల్చేశారు. ఆ సందులోంచి ఫ్రెంచి సేన లోపలికి చొచ్చుకొచ్చింది. కోటలోనివారు ముఖాముఖి పోరాడి వారిని వెనక్కి నెట్టి, దొరికిన దూలాలను, మానులను అడ్డం వేసి ఆ గండిని మూసేశారు. బయట అడవుల్లో విలికిన్ అనే పేరుతో ప్రసిద్ధుడైన ఒక స్థానిక నాయకుడు విలుకాండ్రతో ముట్టడిదారులను రాత్రింబగళ్లు వేధిస్తూనే ఉన్నాడు. అక్టోబరు 14న సంధి విరామం కుదిరింది. కొద్ది రోజులకే జాన్ రాజు నెవార్క్‌లో చనిపోయాడు, తొమ్మిదేళ్ల మూడో హెన్రీకి గ్లోస్టర్‌లో హడావుడిగా కిరీటం పెట్టారు. రాజు పోయాడు గనుక ఇక లొంగిపొమ్మని లూయీ పంపిన కబురుకు, రాజుకు వారసులున్నారని హ్యూబర్ట్ జవాబు చెప్పాడట.

ఈ కథ మనసులో ఉంచుకుని ఉత్తరపు కొసకు నడిచి వెళ్తే, అక్కడి కట్టడాలు హ్యూబర్ట్ చేత్తో రాసిన నివేదికలా కనిపిస్తాయి. ముట్టడి తరువాత బాగుచేసే పని అతని ఆధ్వర్యంలోనే జరిగింది. కూలిన ద్వారాన్ని అతడు మళ్లీ తెరవలేదు, శాశ్వతంగా మూసేశాడు. ఇప్పుడు నార్ఫోక్ బురుజులని పిలిచే ఆ మూడు బురుజుల్లో మధ్యది ఒకప్పటి దారిని నింపేసి కట్టినది. ఇక మీదట అక్కడ తవ్వినా, కొట్టినా ప్రయోజనం ఉండకూడదన్న పట్టుదల ఆ రాతిలో కనబడుతుంది. దాని ముందు కందకంలో సెయింట్ జాన్ బురుజును నిలిపి, లోపలి నుంచి దానికి, అక్కడి నుంచి బయటి గుట్ట మీద కట్టిన రక్షణకు భూగర్భ మార్గాలు వేయించాడు. శత్రువు ఏ విద్యతో కోటను దెబ్బతీశాడో అదే విద్యను కోట తన రక్షణకు వాడుకున్నదన్నమాట. కొత్త ప్రధాన ద్వారాన్ని పడమటి వైపుకు మార్చాడు. దుర్గాధిపతి ద్వారంగా పేరుపడిన ఆ బహుళ బురుజుల కట్టడం 1220ల్లో పూర్తయింది, తూర్పున ఫిట్జ్‌విలియం ద్వారం కూడా ఆ కాలానిదే. ఒక సేనాని తన పొరపాట్లను గాక, తనకు దక్కిన కోటలోని పొరపాట్లను ఇంత స్పష్టంగా గుర్తించి సరిదిద్దిన చోటు నేను మరొకటి చూడలేదు. అయితే ఒక జాగ్రత్త చెప్పాలి. ఇక్కడ కనిపించేదంతా పదమూడో శతాబ్దానిది కాదు. నెపోలియన్ భయంతో చేసిన మార్పుల్లో సొరంగాలను పొడిగించారు, కందకాలను, మట్టికట్టలను కొత్తగా మలిచారు, ఫిరంగుల కోసం బయటి బురుజుల్లో చాలావాటి తలలు తగ్గించారు. ఇటుక కనబడిన చోట అది తరువాతి కాలపు పని అని ప్రాథమికంగా అనుకోవచ్చు.

మధ్యయుగపు సొరంగాల్లోకి దిగే దారి ఏటవాలుగా, ఎగుడుదిగుడుగా, చలిగా ఉంటుంది. మోకాళ్ల నొప్పులున్నవారు, చంకలో బిడ్డలున్నవారు ఆలోచించి దిగాలి. దిగగలిగినవారు మాత్రం తప్పక దిగాలి, ఎందుకంటే నేల కింద నుంచి నడిచి సెయింట్ జాన్ బురుజు వైపు వెళ్తున్నప్పుడు ముట్టడి అంటే ఏమిటో ఏ చిత్రపటమూ చెప్పలేనంత బాగా తెలుస్తుంది. 2024లో 1216 నాటి ముట్టడికే కేటాయించిన కొత్త ప్రదర్శనను ఇక్కడ తెరవడం ఈ కోట విషయంలో ఇటీవల జరిగిన మేలైన మార్పు. దానివల్ల ఉత్తరపు భాగానికి ఎందుకు వెళ్లాలో మామూలు సందర్శకుడికి కూడా ఒక కారణం దొరికింది. సిబ్బంది ప్రశ్నలకు ఓపికగా జవాబిస్తారు. హ్యూబర్ట్ పేరెత్తితే కొందరి ముఖాలు వెలగడం నాకు ఎంతో సంతోషం కలిగించింది.

ఇదే మాట నేను ఫోన్‌లో దించుకుని వెంట తీసుకెళ్లిన ఒక ప్రైవేటు ఆడియో గైడు గురించి చెప్పలేను. దానికీ కోట నిర్వాహకులకూ సంబంధం లేదు. శాండ్‌విచ్ యుద్ధం వద్దకు వచ్చేసరికి అది ఫ్రెంచి ఓడల నాయకుడు యూస్టేస్ మంత్రవిద్య నేర్చినవాడని, తన ఓడను ఎవరికీ కనబడకుండా చేశాడని, ఆ మంత్రం తెలిసిన ఒక్కడు దాన్ని భగ్నం చేశాడని వర్ణించి, అది కల్పిత గాథ అన్న మాట ఒక్కసారి కూడా చెప్పలేదు. ఆ గాథ పాతదే, తరువాతి తరాల వారు ముచ్చటగా అల్లుకున్నదే. దాన్ని వినిపించడంలో తప్పు లేదు. కాని జరిగినదాన్నీ అల్లినదాన్నీ ఒకే గొంతుతో చెబితే, హ్యూబర్ట్ ఆ రోజు చూపిన నిజమైన నేర్పు శ్రోతకు అందకుండా పోతుంది. ఎవరికైనా డబ్బు చెల్లించి ఇలాంటి గైడు తీసుకునేముందు, ఈ యుద్ధం గురించి అది గాలి సంగతి చెబుతుందో లేదో చూడండి. గాలి ఊసు లేని వర్ణన కొనదగినది కాదు.

ఎందుకంటే ఆ యుద్ధాన్ని గెలిపించింది గాలిని వాడుకున్న తీరు. 1217 మే 20న లింకన్ పట్టణంలో లూయీ పక్షం ఘోరంగా ఓడింది. అప్పటికి మళ్లీ డోవర్ ముట్టడికి వచ్చి ఉన్న లూయీ లండన్‌కు తప్పుకుని సహాయం కోసం ఎదురుచూశాడు. అతని భార్య, కాస్టీల్ బ్లాంష్, ఎంతో పట్టుదలతో కలేలో నైట్లను, సామగ్రిని, ఓడలను సమకూర్చింది. నైట్లకు రాబర్ట్ డి కోర్టనే నాయకుడు, ఓడలకు యూస్టేస్. ఈ యూస్టేస్ బులోన్ ప్రాంతపువాడు, ఒకప్పుడు సన్యాసి మఠంలో ఉండి బయటికి వచ్చి, కొంతకాలం జాన్ రాజు కొలువులోనే ఓడలు నడిపి, తరువాత ఫ్రెంచి పక్షానికి మారినవాడు. జలసంధిని అతనికన్నా బాగా ఎరిగినవాడు అప్పట్లో అరుదు. ఇటు ఇంగ్లీషు వైపు, బాలరాజు సంరక్షకుడు విలియం మార్షల్ శాండ్‌విచ్‌కు వచ్చి, జాన్ చేసిన అన్యాయాలకు అలిగి ఉన్న సింక్ పోర్ట్స్ (ఆగ్నేయ తీరపు రేవు పట్టణాల కూటమి) నావికులను బుజ్జగించి, వారికి పాత హక్కులు తిరిగి దక్కేలా మాట ఇచ్చి ఓడల మీదికి ఎక్కించాడు. డెబ్భై ఏళ్ల మార్షల్‌ను ఒడ్డునే ఉండమని తోటివారు ఒప్పించారు. సముద్రం మీద నాయకత్వం హ్యూబర్ట్ చేతికి వచ్చింది. అడ్మిరల్ అనే పదవి ఇంగ్లండులోకి ఇంకా రాలేదు. దానికి మరో మూడు తరాలు పట్టింది. కోటను కాచేవాడే, అవసరం పడితే, సముద్రాన్నీ కాచేవాడు.

ఆగస్టు 24, సెయింట్ బార్తలోమ్యూ పండుగ రోజున, ఫ్రెంచి దండు థేమ్స్ నది ముఖం వైపు, అక్కడి నుంచి లండన్‌కు పోవాలని తీరం వెంట సాగుతోంది. నైట్లు ఎక్కిన పెద్ద ఓడలు పది, సామగ్రి మోసే చిన్న ఓడలు డెబ్భై దాకా ఉన్నాయి. ఇంగ్లీషు ఓడలు వాటిలో సగం కూడా లేవు. హ్యూబర్ట్ ఓడ ముందుగా బయలుదేరి, శత్రువును ఢీకొనకుండా పక్కగా దాటి, కలే వైపు పోతున్నట్టు సాగిపోయింది. ఫ్రెంచివారు అతడు పిరికితనంతో తప్పించుకుంటున్నాడనో, కాపలా లేని కలేను దోచుకోవడానికి పోతున్నాడనో అనుకుని ఎగతాళి చేశారని రాతలు చెబుతున్నాయి. కాని అలా దాటిపోవడంవల్ల గాలి వచ్చే వైపు ఇంగ్లీషువారికి దక్కింది, వారిని ఎదుర్కోవడానికి వెనక్కి తిరిగే ఫ్రెంచివారికి గాలి ఎదురైంది. గాలివాటు పట్టిన ఇంగ్లీషు ఓడలు వెనక్కి తిరిగి, శత్రువు ఓడల వెనుక భాగాలకు కొక్కేలు తగిలించి పట్టుకున్నాయి. ఫిలిప్ డాబిన్యీ అధ్వర్యంలోని విలుకాండ్రు బాణాలు గుప్పించారు. సున్నపు పొడి నింపిన కుండలు గాలి వచ్చే వైపు నుంచి విసరడంతో ఎదుటివారికి కళ్లు కనబడకుండా పోయాయి. యూస్టేస్ ఎక్కిన ఓడ లూయీ కోసం తెస్తున్న రాళ్ల యంత్రంతో, గుర్రాలతో, ధనంతో బరువెక్కి నీటిలో బాగా కుంగి ఉంది. జాన్ రాజు వివాహేతర సంతానమైన రిచర్డ్ దాన్ని ముందుగా తాకాడు, ఎత్తుగా తేలుతున్న మార్షల్ ఓడవారు పైనుంచి దానిలోకి దూకారు. ఓడ అడుగున దాక్కున్న యూస్టేస్ పట్టుబడి, ప్రాణాల కోసం పెద్ద మొత్తం ఇవ్వజూపినా వినకుండా అక్కడే తల నరికేశారు. నైట్లను మాత్రం విడుదల సొమ్ము కోసం ప్రాణాలతో పట్టుకున్నారు. చిన్న ఓడల్లోని మామూలు నావికులకు ఆ దయ దక్కలేదు. ఇది చెప్పకుండా ఈ విజయాన్ని పొగడటం నాకు సరికాదనిపిస్తుంది. సెప్టెంబరులో లూయీ సంధికి ఒప్పుకుని, 10,000 మార్కులు (ఆ కాలపు ధనమానం) తీసుకుని ఇంగ్లండు విడిచి వెళ్లాడు.

ఈ విజయంలో ఎవరికి ఎంత ఘనత దక్కాలన్న విషయంలో ఆ కాలపు రాతలు ఒకే మాట చెప్పవు. మార్షల్ కుటుంబం రాయించిన జీవితగాథలో సహజంగానే మార్షల్ మనుషులు ముందుంటారు, మఠంలోని చరిత్రకారుల రాతల్లో హ్యూబర్ట్ ముందుంటాడు. కాని శత్రువును దాటిపోయిన మొదటి ఓడ అతనిదేనన్నది ఆ గాథ కూడా ఒప్పుకుంటుంది. తనవారు వెంట రాకుంటే ఒంటరిగా చిక్కిపోయే ప్రమాదం తెలిసి కూడా అలా దాటిపోవడానికి ఎంత నిబ్బరం కావాలో, ఉత్తర ద్వారం దగ్గర నిలబడి వచ్చినవారికి వేరే చెప్పనక్కరలేదు.

కోట ఈ యుద్ధాన్ని చూపించలేదు, చూపించగల చోటు కూడా కాదు. అందుకోసం డోవర్ నుంచి రైల్లో అరగంటలోపే చేరుకోగల శాండ్‌విచ్‌కు వెళ్లాలి. అప్పట్లో ఇంగ్లండులో ముఖ్యమైన రేవుల్లో ఒకటైన ఈ పట్టణం ఇసుక మేటల వల్ల సముద్రానికి ఎడమై, ఇప్పుడు స్టౌర్ నది ఒడ్డున ప్రశాంతమైన ఊరుగా మిగిలింది. ఓడల దండు బయలుదేరిన రేవును ఊహించుకోవడానికి ఇక్కడ కొంత శ్రమపడాలి. రైల్వే స్టేషన్‌కు దగ్గరలో ఉన్న సెయింట్ బార్తలోమ్యూ ఆశ్రమపు చిన్న ఆలయం మాత్రం ఏ శ్రమా లేకుండా ఆ రోజుకు తీసుకుపోతుంది. కొల్లగొట్టిన సొమ్ములో కొంత భాగంతో పేదల కోసం ఆ పుణ్యసంస్థను నెలకొల్పారని మార్షల్ జీవితగాథ చెబుతుంది. ఆలయం చుట్టూ ఉన్న ఇళ్లలో ఇప్పటికీ వృద్ధులు నివసిస్తున్నారు. ఏటా ఆగస్టు 24న పిల్లలు ఆలయం చుట్టూ పరుగెత్తి తీపి బన్నులు అందుకునే ఆచారం నేటికీ సాగుతోంది. ఎనిమిది వందల ఏళ్ల కిందటి ఒక సముద్ర యుద్ధం తిథి ఇలా ఊరి పిల్లల నోటిలో నిలిచి ఉండటం నన్ను ఎంతగానో కదిలించింది. వీలైతే ఆ రోజునే వెళ్లండి. మిగతా రోజుల్లో ఆలయం తెరిచి ఉంటుందో లేదో ముందుగా కనుక్కోండి. అది ముందు ఆ వృద్ధుల నివాసమని, తరువాతే చూడదగిన స్థలమని మరవకండి.

డోవర్ పట్టణంలోనే ఉన్న మేసన్ డ్యూను కూడా ఈ యాత్రలో చేర్చుకోవాలి. కాంటర్‌బరీకి వెళ్లే యాత్రికుల కోసం హ్యూబర్ట్ 1203 ప్రాంతంలో, అంటే ముట్టడికి చాలా ముందే, స్థాపించిన ధర్మసత్రం అది. తరువాతి కాలంలో పురపాలక భవనంగా మారి, పందొమ్మిదో శతాబ్దంలో విలియం బర్జెస్ అనే వాస్తుశిల్పి చేతిలో కొత్త అలంకారాలు సంతరించుకుని, ఇటీవల మళ్లీ పునరుద్ధరణ పొందింది. అక్కడ హ్యూబర్ట్ కాలపు జాడలు తక్కువే, ఒక గంట చాలు. కాని అతని తరువాతి జీవితం గురించి ఆలోచించడానికి కోటకన్నా అదే తగిన చోటు, ఎందుకంటే కోట అతని ఎదుగుదలను చెబుతుంది, పతనాన్ని చెప్పదు.

అతడు 1221లో స్కాట్లండు రాజు సోదరి మార్గరెట్‌ను పెళ్లాడి, 1227లో కెంట్ ఎర్ల్ అనే ప్రభు బిరుదు పొందాడు. బాలరాజు పేరిట దేశాన్ని నడిపినవారిలో అతడే ప్రధానుడు. 1229లో ఫ్రాన్సు మీదికి దండెత్తడానికి పోర్ట్స్‌మత్‌లో సేన చేరినప్పుడు, దాన్ని దాటించడానికి ఓడలు సగానికి కూడా చాలలేదు. యువకుడైన మూడో హెన్రీ అందరి ముందూ హ్యూబర్ట్‌ను ముసలి ద్రోహి అని నిందించి కత్తి దూశాడని చరిత్రకారులు రాశారు. ఓడల బలంతోనే ఆ రాజుకు సింహాసనం నిలబెట్టినవాడికి ఓడల కొరత పేరిటే తొలి పెద్ద అవమానం జరిగింది. 1232లో ప్రత్యర్థులు అతన్ని పదవి నుంచి దించారు. ఎసెక్స్‌లో ఒక ఆలయంలో తలదాచుకున్న అతన్ని బయటికి లాగి సంకెళ్లు వేయమని ఒక కమ్మరిని పిలిస్తే, డోవర్‌ను కాపాడినవాడికి, సముద్రంలో ఫ్రెంచివారిని ఓడించినవాడికి నా చేత్తో ఇనుము వేయనని అతడు తిరస్కరించాడని చెప్పే కథ ఒకటుంది. ఆ కమ్మరి మాటలు అక్షరాలా అవే కాకపోయినా, సామాన్య జనం హ్యూబర్ట్‌ను ఎందుకు గుర్తుపెట్టుకున్నారో ఆ కథ చెబుతుంది. డివైజెస్ కోటలో ఖైదు, అక్కడి నుంచి తప్పించుకోవడం, 1234లో భూములు తిరిగి రావడం, 1243లో బాన్‌స్టెడ్‌లో మరణం, ఇవన్నీ జరిగాయి. అతన్ని సమాధి చేసిన లండన్ సన్యాసి మఠం నేడు లేదు. తలవంచి నమస్కరించడానికి సమాధి లేనివారికి డోవర్ ఉత్తరపు గోడే మిగిలిన గుర్తు.

ఇక కొన్ని ఆచరణాత్మక సంగతులు. కోట ప్రవేశ రుసుము చవకైనది కాదు, సంస్థ సభ్యత్వం ఉన్నవారికి ఉచితం. ఇంకా చాలా కోటలు చూసే ఆలోచన ఉంటే సభ్యత్వం లాభం కావచ్చు. డోవర్ ప్రయరీ స్టేషన్ నుంచి కోట వరకు ఎక్కుడు దారి నిటారుగా ఉంటుంది, లోపల కూడా ఎత్తుపల్లాలు ఎక్కువ, గాలి విపరీతంగా వీస్తుంది, కాబట్టి గట్టి అడుగున్న బూట్లు, గాలిని ఆపే కోటు తప్పనిసరి. యుద్ధకాలపు సొరంగాల్లో సందర్శన బృందాలుగా జరుగుతుంది, రద్దీ రోజుల్లో అక్కడ వేచి ఉండాల్సి వస్తుంది. పూర్తి రోజు చేతిలో ఉంటే అవి చూడండి, సగం రోజే ఉంటే వాటిని వదిలేసి బురుజు పైకప్పు, ఉత్తర ద్వారం, మధ్యయుగ సొరంగాలు, ఆపైన దుర్గాధిపతి ద్వారం బయటి నుంచి, ఈ క్రమంలో చూడండి. రోమన్ల కాలపు దీపస్తంభం, దాని పక్కనున్న సెయింట్ మేరీ ఆలయం దారిలోనే పడతాయి, వాటికి పావుగంట చాలు. శీతాకాలంలో కోట తెరిచి ఉండే రోజులు తగ్గుతాయి. శాండ్‌విచ్‌కు మాత్రం మరుసటి రోజు ఉదయం కేటాయించండి, ఒకే రోజులో రెండూ పెట్టుకుంటే ఉత్తరపు గోడ దగ్గర ఆగాల్సినంత సేపు ఆగలేరు.